బీటెక్ సీటు వదిలేస్తామంటే మూడేళ్ల ఫీజు కట్టమంటున్నారు, ఒరిజినల్స్ ఇవ్వట్లేదు. ఏం చేయాలి?

మిర్యాలగూడ మోటార్స్ (ఆగస్టు 24, 2024)

అందరికీ నమస్కారం. నాది మిర్యాలగూడలో మోటార్ వైండింగ్ షాపు. ఇక్కడ రాయడం కొత్త, తప్పులుంటే సర్దుకోండి.

మా పెద్ద బిడ్డ ఈ ఏడాది ఇంటర్ ఎంపీసీ పూర్తి చేసింది. ఎప్‌సెట్‌లో అనుకున్న ర్యాంకు రాలేదు. కన్వీనర్ కోటాలో కంప్యూటర్స్ రాదని తేలిపోయాక, జులై మొదట్లో హైదరాబాద్ శివార్లలో ఒక అటానమస్ కాలేజీలో బి-కేటగిరీ (మేనేజ్‌మెంట్ కోటా) కింద సీఎస్‌ఈ తీసుకున్నాం. కాలేజీ పేరు రాయను, బిడ్డ కాగితాలు ఇంకా వాళ్ల బీరువాలోనే ఉన్నాయి.

కట్టింది ఇదీ. ట్యూషన్ ఫీజు 1,45,000. అడ్మిషన్, స్పెషల్ ఫీజు అని 18,500. కాషన్ డిపాజిట్ 10,000. హాస్టల్ అడ్వాన్స్ 40,000. మొత్తం 2,13,500, అన్నిటికీ రసీదులు ఉన్నాయి. ఇవి కాక కన్సల్టెన్సీ ఆయన చేతికి లక్ష రూపాయలు నగదు ఇచ్చాం, దానికి రసీదు లేదు. కాలేజీ మేడమ్ ఒక చిన్న స్లిప్ మీద పెన్సిల్‌తో అంకె వేసి చూపించింది, పైసలు ముట్టాక ఆ స్లిప్ కూడా తీసేసుకుంది.

తర్వాత ఎన్‌ఐటీల్లో మిగిలిన సీట్లు నింపే సీఎస్‌ఏబీ స్పెషల్ రౌండ్‌లో బిడ్డకు ఎన్‌ఐటీ రాయ్‌పూర్‌లో ఎలక్ట్రికల్ వచ్చింది. చుట్టాలంతా కంప్యూటర్స్ వదిలి ఎలక్ట్రికల్ ఏంటని అడిగారు. చిన్నప్పటి నుంచి షాపులో నా పక్కన కూర్చుని కాయిల్ చుట్టిన పిల్ల, దానికి అదే ఇష్టం. వెళ్లి రిపోర్ట్ చేశాం. ఒరిజినల్స్ తర్వాత ఇస్తామని అండర్‌టేకింగ్ రాసిచ్చాం, గడువు మాత్రం ఎక్కువ లేదు.

ఇక్కడి కాలేజీకి పోతే తల తిరిగిపోయింది. మొదట చైర్మన్ గారు ఊళ్లో లేరన్నారు. తర్వాత ఏఓ (అడ్మినిస్ట్రేటివ్ ఆఫీసర్) సార్ పిలిచి, సీటు బ్లాక్ చేశారు కాబట్టి మిగతా మూడేళ్ల ట్యూషన్ ఫీజు కడితేనే టీసీ, ఇంటర్ మెమో, టెన్త్ మెమో ఇస్తామన్నాడు. నేను రాసుకుపోయిన అర్జీని చదవకుండానే కౌంటర్ మీద నుంచి నా వైపు నెట్టాడు. చివరికి జాలిపడ్డట్టు, "సరే, రిఫండ్ అడగబోమని ఒక లెటర్ మీద సంతకం పెట్టండి, ఒరిజినల్స్ వరకు చూద్దాం" అన్నాడు. బ్రోచర్‌లో "ఒకసారి చెల్లించిన ఫీజు ఎట్టి పరిస్థితిలోనూ వాపసు ఇవ్వబడదు" అని ఉంది, దాని కింద నా సంతకం కూడా ఉంది. అక్కడ క్లాసులు ఇంకా మొదలుకానేలేదు.

బిడ్డ రోజూ ఫోన్ చేసి "నాన్నా, సర్టిఫికెట్లు ఏమయ్యాయి" అని అడుగుతోంది. ఆ లెటర్ మీద సంతకం పెట్టేసి కాగితాలు తెచ్చుకోమంటారా? లేక పైసలు వచ్చే దారి ఏమైనా ఉందా? తెలిసినవాళ్లు చెప్పండి.

బీటెక్ బాధితుడు

అన్నా, ఆశ వదులుకో. మా తమ్ముడికీ ఇలాగే అయింది, తిరిగి తిరిగి చెప్పులు అరిగాయి తప్ప రూపాయి రాలేదు. సంతకం పెట్టి కాగితాలు తెచ్చేసుకో. ఎన్‌ఐటీ సీటు ముందు ఈ రెండు లక్షలు ఎంత?

పాత గుమాస్తా

సంతకం పెట్టకండి అన్నా. పై తమ్ముడి బాధ అర్థమైంది కానీ, ఆ సలహా పాటిస్తే ఏఓ కోరుకున్నదే జరుగుతుంది.

నేను ఒక ఇంజినీరింగ్ కాలేజీ అడ్మిషన్ సెక్షన్‌లో చాలాకాలం పనిచేశాను. ఇప్పుడు మానేసి సొంత పని చూసుకుంటున్నాను కాబట్టి మొహమాటం లేకుండా చెప్తాను. కౌంటర్ అవతల కూర్చున్నవాడికి మీకన్నా బాగా తెలుసు, ఈ ఫీజు తిరిగి ఇవ్వాల్సిందేనని. యూనివర్సిటీలు, కాలేజీల మీద ఉండే కేంద్ర సంస్థ యూజీసీ పంపే సర్క్యులర్ ప్రిన్సిపాల్ టేబుల్ మీదికి వస్తుంది, దాని జిరాక్స్ మా ఫైల్లో ఉండేది. అయినా "చైర్మన్ గారు లేరు, వచ్చే వారం రండి" అని ఎందుకంటారు? తేదీ దాటించడానికి. రిఫండ్ మొత్తం తేదీ మీదే నడుస్తుంది, మీరు ఏ రోజు రాతపూర్వకంగా అడిగారన్నదే లెక్క. నోటిమాటగా ఎంత తిరిగినా అడిగినట్టు కాదు. అందుకే మీ అర్జీని ముట్టుకోకుండా నెట్టేశాడు. తీసుకుంటే ఇన్‌వర్డ్ రిజిస్టర్‌లో నంబర్ వేయాలి, స్టాంపు కొట్టాలి. స్టాంపు పడితే తేదీ పడ్డట్టే.

ఇప్పుడు అసలు రూల్స్. 2018 అక్టోబర్‌లో యూజీసీ ఒక నోటిఫికేషన్ ఇచ్చింది, ఫీజు వాపసు గురించి, ఒరిజినల్స్ దగ్గర పెట్టుకోకూడదన్న దాని గురించి. అది యూనివర్సిటీలకే కాదు, వాటికి అనుబంధంగా ఉన్న కాలేజీలకూ వర్తిస్తుంది. ప్రకటించిన అడ్మిషన్ల చివరి తేదీకి 15 రోజులు లేదా అంతకన్నా ముందు మానుకుంటే వంద శాతం వెనక్కి ఇవ్వాలి. ప్రాసెసింగ్ కింద 5 శాతం మించకుండా, అదీ గరిష్ఠంగా 5,000 రూపాయలు మాత్రమే పట్టుకోవచ్చు. చివరి తేదీకి ముందే కానీ 15 రోజుల లోపు అయితే 90 శాతం. తేదీ దాటాక 15 రోజుల్లోపు 80 శాతం, 16 నుంచి 30 రోజుల మధ్య 50 శాతం. 30 రోజులు దాటితే సున్నా. కాషన్ డిపాజిట్ ఎప్పుడైనా మొత్తం ఇవ్వాల్సిందే. దరఖాస్తు అందిన 15 రోజుల్లో డబ్బు చేరాలి.

మీకు ఇంకా మంచి వార్త ఉంది. సీఎస్‌ఏబీ లాంటి కౌన్సెలింగులు ఆలస్యంగా ముగుస్తాయని ఈ మధ్య ఏటా యూజీసీ విడిగా ఒక సడలింపు ఇస్తోంది. ఈ 2024-25కి సెప్టెంబర్ 30 లోపు మానుకుంటే మొత్తం ఫీజు ఇచ్చేయాలి. అక్టోబర్ 31 లోపు అయితే గరిష్ఠంగా 1,000 రూపాయలు కోసుకోవచ్చు. మనం ఆగస్టులోనే ఉన్నాం. బ్రోచర్‌లో ఏం రాసుకున్నా, దాని కింద మీ సంతకం ఉన్నా, దాన్ని చూపించి ఈ రూల్‌ని పక్కకు పెట్టడం కుదరదు.

ఇంజినీరింగ్ కాలేజీలకు అనుమతులిచ్చే ఏఐసీటీఈది ఇంకో రూల్. క్లాసులు మొదలవకముందే విద్యార్థి మానుకుంటే 1,000కి మించకుండా ప్రాసెసింగ్ ఫీజు తీసుకుని మిగతాదంతా ఇచ్చేయాలి. తర్వాతి సంవత్సరాల ఫీజు అడగకూడదు. ఫీజూ సర్టిఫికెట్లూ ఏడు రోజుల్లో తిరిగి ఇవ్వాలి. ఆ మూడేళ్ల ఫీజు మాట మిమ్మల్ని బెదిరించడానికే. "మూడేళ్లు కట్టు" అనగానే మనిషి హడలిపోయి, "ఇచ్చింది మీరే ఉంచుకోండి, కాగితాలిస్తే చాలు" అంటాడు. నా కళ్ల ముందే అలా దండం పెట్టి వెళ్లిన తండ్రులు ఎందరో. వాళ్లు గేటు దాటాక లోపల మా ఆఫీసువాళ్లు నవ్వుకునేవాళ్లు, అదే నాకు గిట్టేది కాదు.

ఇంకో సంగతి. మీది సీఎస్‌ఈ సీటు. ఈ సీజన్‌లో సీఎస్‌ఈ సీటు ఒకటి ఖాళీ అయిందంటే సాయంత్రానికల్లా కన్సల్టెన్సీ వాళ్లు ఇంకొకరిని పట్టుకొస్తారు. మీ అమ్మాయి సీటు ఈపాటికే ఇంకొకరికి మాట ఇచ్చేసి ఉంటారని నా అనుమానం. సివిల్, మెకానికల్ అయితే వాళ్లకు నిజంగా ఇబ్బందే, ఇక్కడ ఆ బాధ లేదు.

చేయాల్సింది చెప్తాను. ఎల్లుండి సోమవారం కృష్ణాష్టమి సెలవు. అంతవరకు ఆగొద్దు. కాలేజీ అధికారిక మెయిల్‌కి ఈ రాత్రికే పంపేయండి. అడ్మిషన్ ఫారంలో ఏ మెయిల్ ఐడీ రాశారో దాని నుంచే పంపండి, లేకపోతే "ఎవరు పంపారో మాకు తెలియదు" అంటారు. మంగళవారం పొద్దున అదే ఉత్తరాన్ని ప్రిన్సిపాల్ పేరుతో రిజిస్టర్డ్ పోస్ట్‌లో, అక్నాలెడ్జ్‌మెంట్ కార్డుతో పంపండి. అమ్మాయి పేరు మీదే ఉండాలి, సంతకం తనది, పక్కన మీది. ఇలా రాయండి:

"ప్రిన్సిపాల్ గారికి. నేను ఫలానా హాల్‌టికెట్ నంబర్ గల విద్యార్థిని. 2024-25లో మీ కాలేజీలో బీటెక్ సీఎస్‌ఈ మొదటి సంవత్సరంలో చేరి, ఈ కింది రసీదుల ద్వారా మొత్తం రూ. 2,13,500 చెల్లించాను. నాకు ఎన్‌ఐటీలో సీటు వచ్చినందున ఈ రోజు నుంచి నా అడ్మిషన్ రద్దు చేసుకుంటున్నాను. యూజీసీ 2018 అక్టోబర్ నోటిఫికేషన్, 2024-25 ఫీజు వాపసు విధానం, ఏఐసీటీఈ నిబంధనల ప్రకారం నేను కట్టిన మొత్తాన్ని ఈ కింది బ్యాంకు ఖాతాలో జమ చేయవలసిందిగా, నా టీసీ, పదో తరగతి, ఇంటర్ ఒరిజినల్ మెమోలు, స్టడీ సర్టిఫికెట్లు వెంటనే ఇవ్వవలసిందిగా కోరుతున్నాను. ఫీజు వాపసుపై నా హక్కును నేను వదులుకోవడం లేదు."

ఆ చివరి వాక్యం మర్చిపోకండి. ఖాతా నంబర్, ఐఎఫ్‌ఎస్‌సీ ఇందులోనే రాయండి, లేకపోతే "అకౌంట్ వివరాలు ఇవ్వలేదు" అని ఒక నెల లాగుతారు. రసీదుల ఫొటోలు, ఎన్‌ఐటీ అలాట్‌మెంట్ లెటర్ జతచేయండి. నగదు లక్ష ప్రస్తావన ఇందులో తేవద్దు, దాని సంగతి వేరే.

సత్యవతి, కాకినాడ

గుమాస్తా గారు చెప్పిన తేదీల సంగతి మా ఇంట్లో అనుభవమే. మా అబ్బాయి ఒక ప్రైవేటు యూనివర్సిటీలో బీఫార్మసీలో చేరాడు. సంక్రాంతికి ఇంటికొచ్చి ఇక వెళ్లనమ్మా, నా వల్ల కాదు అన్నాడు. అప్పటికి గడువులన్నీ దాటిపోయాయి, ట్యూషన్ ఫీజులో పైసా రాలేదు. అది రూల్ ప్రకారమే, వాళ్లను ఏమీ అనలేను. కానీ వాళ్లు అంతటితో ఆగలేదండి. రెండో సెమిస్టర్ ఫీజు, తర్వాతి సంవత్సరం ఫీజు కూడా కడితేనే టీసీ అన్నారు. విద్యార్థి చదివే సెమిస్టర్‌కో సంవత్సరానికో మాత్రమే ఫీజు తీసుకోవాలని అదే యూజీసీ నోటిఫికేషన్‌లో ఉంది. ఆ పేరా ప్రింట్ తీసి, గీత గీసి, రిజిస్ట్రార్ టేబుల్ మీద పెట్టాను. టీసీ ఇచ్చారు, కాషన్ డిపాజిట్ కూడా ఇచ్చారు.

నాన్నగారూ, మీకు ఇంకా నెల పైనే టైముంది. అమ్మాయికి ధైర్యం చెప్పండి.

క్లాస్‌రూమ్ నుంచి

నేను ఒక ప్రైవేటు కాలేజీలో అసిస్టెంట్ ప్రొఫెసర్‌ని. అందరూ కాలేజీనే తిడుతున్నారు కాబట్టి రెండో వైపు కూడా చెప్తాను. ఒక సీటు మొదటి ఏడాది ఖాళీ అయితే ఆ నష్టం నాలుగేళ్లూ ఉంటుంది. మా జీతాలు ఆ ఫీజుల్లోంచే రావాలి. సెప్టెంబర్ నెలాఖరుదాకా ఎవరు ఎప్పుడు వెళ్లిపోయినా మొత్తం ఇచ్చేయాలంటే చిన్న కాలేజీలు సెక్షన్లు ఎలా ప్లాన్ చేసుకోవాలి? కొందరు నాలుగు కాలేజీల్లో సీట్లు పట్టుకుని కూర్చుంటారు. దానికేమంటారు?

సర్టిఫికెట్లు పట్టుకోవడం మాత్రం తప్పే, దాన్ని నేను సమర్థించను.

పాత గుమాస్తా

మేష్టారూ, మీ జీతాల సంగతి నాకు తెలుసు. మా దగ్గర లెక్చరర్లకు మూడు నెలలు జీతం ఆగినప్పుడు కూడా అడ్మిషన్ల సీజన్‌లో కన్సల్టెన్సీలకు కమీషన్ ఒక్క రోజు ఆగలేదు. రిఫండ్ ఎగ్గొట్టి మిగిల్చిన డబ్బు మీ ఖాతాలోకి వచ్చిందని మీరు గుండె మీద చెయ్యేసుకుని చెప్పగలరా?

నాలుగు చోట్ల సీట్లు పట్టుకునేవాళ్లు ఉన్నారు, నిజమే. కానీ జేఈఈ కౌన్సెలింగ్ ఆగస్టు దాకా నడుస్తుంటే, జూన్‌లోనే "ఈ రోజు కట్టకపోతే సీటు పోతుంది" అని తొందరపెట్టేది కాలేజీలే కదా. పిల్లలు ఏం చేస్తారు?

బెజవాడ ప్లీడర్

మిర్యాలగూడ అన్న గారికి. గుమాస్తా గారు చెప్పింది దాదాపు అంతా సరైనదే. కోర్టు వైపు కొన్ని సంగతులు చేరుస్తాను, ఎందుకంటే చాలామంది "కన్స్యూమర్ కోర్టులో వేసేయ్" అని తేలిగ్గా చెప్తారు.

కాలేజీల విషయంలో వినియోగదారుల కమిషన్ దారి అంత సాఫీ కాదు. చదువు అమ్ముకునే సరుకు కాదు, కాలేజీ ఇచ్చేది సర్వీసు కాదు అని సుప్రీంకోర్టు 2012లో పి.టి. కోషీ కేసులో అంది. 2020 జనవరిలో మను సోలంకి కేసులో జాతీయ కమిషన్ కూడా విద్యాసంస్థలు వినియోగదారుల చట్టం కిందికి రావంది. కోచింగ్ సెంటర్లను మాత్రం ఆ మినహాయింపులో చేర్చలేదు. అంటే మీరు ఏదైనా జేఈఈ కోచింగ్‌కి కట్టి మధ్యలో మానేసి ఉంటే ఆ దారి బాగా పనిచేస్తుంది. కాలేజీ ఫీజుకి వేస్తే అవతలి లాయరు మొదటి వాయిదాలోనే ఈ తీర్పులు పట్టుకొస్తాడు. వేయకూడదని కాదు, 5 లక్షల లోపు క్లెయిమ్‌కి కోర్టు ఫీజు కూడా లేదు, రెండేళ్ల గడువుంది. దాన్నే నమ్ముకుని మిగతావి మానేయొద్దు, అంతే.

కాలేజీ వాళ్లు ఇంకో తీర్పు కూడా చూపించవచ్చు. 2003లో ఇస్లామిక్ అకాడమీ కేసులో సుప్రీంకోర్టు ఒక సంవత్సరానికో సెమిస్టర్‌కో మించి ముందస్తుగా ఫీజు వసూలు చేయకూడదని చెబుతూనే, విద్యార్థి మధ్యలో వెళ్లిపోతాడన్న అనుమానం ఉంటే మిగతా ఫీజుకి బాండో బ్యాంకు గ్యారంటీయో అడగొచ్చని కూడా అంది. కొందరు ఏఓలు ఈ రెండో ముక్కనే పట్టుకుని "సుప్రీంకోర్టే చెప్పింది" అంటారు. మీరు అలాంటి బాండ్ ఏమైనా రాసిచ్చారా? ఒకసారి ఫారాలన్నీ తిరగేయండి. ఇవ్వకపోతే ఆ మాటే లేదు. ఇచ్చినా, క్లాసులు మొదలవకముందే మానుకున్న పిల్ల మధ్యలో వదిలేసినట్టు ఎలా అవుతుంది? పైగా తర్వాతి ఏళ్ల ఫీజు అడగకూడదని ఏఐసీటీఈ ఆ తర్వాత స్పష్టంగా చెప్పింది.

నేనైతే ఈ వరుసలో వెళ్తాను. ఉత్తరం పంపాక వారం రోజులు చూడండి. కదలిక లేకపోతే యూజీసీ ఈ-సమాధాన్ పోర్టల్‌లో, ఏఐసీటీఈ గ్రీవెన్స్ పోర్టల్‌లో అదే ఉత్తరం, అదే రసీదులతో ఫిర్యాదు పెట్టండి. అనుబంధ యూనివర్సిటీ రిజిస్ట్రార్‌కి, తెలంగాణ ఉన్నత విద్యామండలికి కాపీలు పంపండి. 2023లో వచ్చిన యూజీసీ నిబంధనల ప్రకారం ప్రతి సంస్థకూ విద్యార్థుల ఫిర్యాదుల కమిటీ ఉండాలి, దానిమీద అప్పీలుకి అంబుడ్స్‌పర్సన్ ఉండాలి. ఒరిజినల్స్ పట్టుకోవడం, గడువు లోపల ఫీజు ఇవ్వకపోవడం రెండూ ఆ నిబంధనల్లో ఫిర్యాదు కిందికే వస్తాయి.

దీనితో పాటు ఖర్చు లేని దారి ఒకటుంది, చాలామందికి తెలియదు. లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టం కింద మహిళలకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయసహాయం వస్తుంది. మీ అమ్మాయి పేరు మీద నల్గొండ జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అర్జీ ఇవ్వండి. కేసు వేయకముందే కాలేజీకి నోటీసు పంపి కూర్చోబెడతారు. కోర్టు ముద్ర ఉన్న నోటీసు అందితే ఊళ్లో లేని చైర్మన్లు కూడా దొరుకుతారు. సర్టిఫికెట్లకి మరీ గడువు మీద పడితే హైకోర్టులో రిట్ వేయొచ్చు, అది చివరి మెట్టు. పోలీస్ స్టేషన్‌కి వెళ్తే సివిల్ మేటర్ అని పంపేస్తారు, ఆ టైము వృథా చేసుకోకండి.

నగదు లక్ష గురించి. 1983 నాటి క్యాపిటేషన్ ఫీజు నిషేధ చట్టం ప్రకారం అలా తీసుకోవడమే నేరం. కానీ రసీదు లేనిది రుజువు చేయాలి. కన్సల్టెన్సీ ఆయనతో వాట్సాప్‌లో ఏమైనా మాట్లాడారా? బ్యాంకు నుంచి లక్ష ఏ రోజు తీశారు? అవి దాచండి. ముందు ఒరిజినల్స్ చేతికి రానివ్వండి, తర్వాత ఆ సంగతి ఎత్తండి.

మిర్యాలగూడ మోటార్స్ (ఆగస్టు 25, 2024)

అందరికీ చేతులెత్తి దండం. రాత్రి బిడ్డతో ఫోన్‌లో మాట్లాడి ఉత్తరం మెయిల్‌లో పంపించేశాం. ప్లీడర్ సార్, ఫారాలన్నీ చూశాను. వంద రూపాయల స్టాంపు కాగితం ఒకటి ఉంది, ర్యాగింగ్ చేయనని రాసింది. బాండ్ ఏదీ లేదు.

కన్సల్టెన్సీ ఆయనకి ఫోన్ చేస్తే ఎత్తట్లేదు. వాట్సాప్‌లో "అమౌంట్ రెడీయా అన్నా" అన్న మెసేజ్ ఒకటి ఉంది, అంకె లేదు.

గుమాస్తా అన్నా, ఒక డౌటు. హాస్టల్ రూములోకి మేము అసలు పోనేలేదు. ఆ 40,000 కూడా ఫీజు కిందికే వస్తుందా?

పాత గుమాస్తా

యూజీసీ "అన్ని చార్జీలతో కలిపి" అంటుంది కాబట్టి ఉత్తరంలో అడిగింది సరైనదే. కానీ హాస్టల్ ప్రైవేటు కాంట్రాక్టరుదని, కాలేజీకి సంబంధం లేదని అంటారు చూడండి. రసీదు మీద పైన ఎవరి పేరుంది? కాలేజీ పేరా, సొసైటీ పేరా, ఇంకేదైనా హాస్టల్ పేరా? కాలేజీదో దాన్ని నడిపే సొసైటీదో అయితే తప్పించుకోలేరు. ఏఐసీటీఈ లెక్కలో అయినా ఉన్న రోజులకే హాస్టల్ అద్దె పట్టుకోవాలి, మీ అమ్మాయి ఒక్క రాత్రి కూడా లేదు.

అటానమస్ అన్నారు కదా. ఒక చిట్కా. ఫోన్‌లో ఏఓతో వాదన పెట్టుకోకండి. "ఈ-సమాధాన్‌లో ఫిర్యాదు పెడుతున్నాం సార్, అటానమస్ హోదా ఇచ్చింది కూడా యూజీసీయే కదా" అని మర్యాదగా అని పెట్టేయండి. ప్రైవేటు కాలేజీకి యూజీసీ గ్రాంట్లు ఆగుతాయన్న భయం ఉండదు, అటానమస్ ఫైల్ అంటే మాత్రం ప్రిన్సిపాల్ నిద్రపోడు.

మిర్యాలగూడ మోటార్స్ (సెప్టెంబర్ 12, 2024)

ఆలస్యంగా రాస్తున్నందుకు ఏమనుకోకండి. నెల మొదట్లో వానలకి సాగర్ ఎడమ కాలువకు గండి పడి, కోదాడ వైపు నుంచి నీళ్లలో మునిగిన మోటార్లు కుప్పలుగా వచ్చాయి. తినడానికి కూడా తీరిక లేదు.

కాలేజీ సంగతి. రిజిస్టర్డ్ పోస్ట్ కార్డు స్టాంపుతో తిరిగి వచ్చింది. ఏఓ మళ్లీ ఫోన్ చేసి మూడేళ్లు కాదు, ఒక్క ఏడాది కట్టండి చాలన్నాడు. బేరం మొదలుపెట్టాడంటే దిగాడని అర్థమైంది. గుమాస్తా అన్న చెప్పిన మాటే మర్యాదగా చెప్పి పెట్టేశాను. ఈ-సమాధాన్‌లో ఫిర్యాదు పెట్టాం, నల్గొండలో న్యాయసేవాధికార సంస్థలో అర్జీ ఇచ్చాం. అక్కడి మేడమ్ చాలా ఓపికగా విన్నారు, రూపాయి అడగలేదు.

నోటీసు అందాక కాలేజీ నుంచే ఫోన్ వచ్చింది, వచ్చి ఒరిజినల్స్ తీసుకెళ్లమని. ఈసారి చైర్మన్ గారు ఊళ్లోనే ఉన్నారు. రిజిస్టర్‌లో "ఒరిజినల్స్ అందినవి" అన్నచోట సంతకం పెట్టమన్నారు. పక్కన సన్నని అక్షరాల్లో "ఫీజు విషయమై ఎలాంటి క్లెయిమ్ లేదు" అని ఉంది. ఆ ముక్క మీద గీత కొట్టి, "ఒరిజినల్స్ మాత్రమే అందాయి" అని నా చేత్తో రాసి సంతకం చేశాను. క్లర్క్ పిల్లవాడు గుడ్లప్పగించి చూశాడు, ఏమీ అనలేదు. ఫొటో కూడా తీసుకున్నాను. అదే రాత్రి రైలెక్కి రాయ్‌పూర్‌లో ఇచ్చి వచ్చాను.

నిన్న ఖాతాలో 1,72,500 పడింది. అంటే ట్యూషన్, స్పెషల్ ఫీజు, కాషన్ కలిపి అందులోంచి 1,000 కోశారు. సెప్టెంబర్ 30 లోపు కాబట్టి యూజీసీ లెక్కలో ఆ వెయ్యి కూడా కోయకూడదు, కానీ ఏఐసీటీఈ లెక్క చూపిస్తున్నారు. దాన్ని వదిలేస్తున్నాను.

హాస్టల్ 40,000 మాత్రం తిరిగి ఇవ్వబోమంటున్నారు. రసీదు మీద కాలేజీ పేరు లేదు, అదే అడ్రస్‌తో వేరే హాస్టల్ పేరుంది. లక్ష నగదు గురించి కన్సల్టెన్సీ ఆయన ఆఫీసుకే పోయాను, "అది కాలేజీకి ఇచ్చేశా, నా దగ్గర లేదు" అన్నాడు. ప్లీడర్ సార్, ఇంతమందిలో అన్నాడు కదా, ఇది పనికొస్తుందా?

బెజవాడ ప్లీడర్

శభాష్ అన్నా. ఆ క్లెయిమ్ ముక్క కొట్టేశారు చూడండి, చాలామంది అక్కడే పడిపోతారు.

హాస్టల్‌ది వేరే పేరు అయినా చదువు కాదు, బస. నేను మొదట చెప్పిన కాలేజీ తీర్పుల అడ్డంకి దీనికి అంతగా రాదు. 1915కి ఫోన్ చేసి నేషనల్ కన్స్యూమర్ హెల్ప్‌లైన్‌లో ఫిర్యాదు నమోదు చేయండి. వినకపోతే ఆన్‌లైన్‌లో నల్గొండ జిల్లా వినియోగదారుల కమిషన్‌కే వేసేయండి. ఫిర్యాదుదారు ఉండే చోట కూడా వేయొచ్చని 2019 వినియోగదారుల చట్టం చెప్తుంది, హైదరాబాద్ తిరగక్కర్లేదు.

కన్సల్టెన్సీ ఆయన మాట పనికొస్తుంది కానీ, విన్నవాళ్లు వచ్చి చెప్పాలి. ఆయనకి వాట్సాప్‌లో ఒక మెసేజ్ పెట్టండి, "ఫలానా తేదీన మీకిచ్చిన లక్ష కాలేజీకి కట్టానన్నారు కదా, ఎవరికిచ్చారో చెప్పండి" అని. ఏం జవాబిస్తాడో చూద్దాం.

మిర్యాలగూడ మోటార్స్

పెట్టాను సార్. రెండు నీలం టిక్కులు వచ్చాయి, "టైపింగ్" అని చూపించి ఆగిపోయింది. సాయంత్రం ఆయనే ఫోన్ చేసి, దసరా దాకా ఆగితే యాభై సర్దుతానన్నాడు. సరే, అదే మాట మెసేజ్‌లో పెట్టన్నా అన్నాను.

పాత గుమాస్తా

పెట్టాడా?

మిర్యాలగూడ మోటార్స్

ఇంకా లేదు. 1915కి మాత్రం చేశాను, డాకెట్ నంబర్ ఇచ్చారు.